కత్తెర పట్టిన చేయి

మన హుస్నాబాద్‌లో సినిమా అంటే హీరో ఎవరని అడుగుతారు గాని ఎడిటర్ ఎవరని అడగరు. అక్కినేని సంజీవి గారూ ఎడిటరే. ఆయన కుమారుడు శ్రీకర్ ప్రసాద్ గారు 1989 నాటి 'రాఖ్'కు జాతీయ అవార్డు పొందారు. ప్రసన్న వితానగే 2012లో తీసిన సింహళ చిత్రం 'ఒబ నతువ ఒబ ఎక్క'కు కూర్పు ఆయనదే. మనవడు చూపించాడు.

తాకట్టు కొట్టు నడిపే సింహళీయుడు, అతని తమిళ భార్య. తాను సైన్యంలో పనిచేసిన సంగతి అతడు దాస్తాడు. మాటలు తక్కువ. ముఖం మీద షాట్ ఇంకొక్క క్షణం ఆగుతుంది, మనకు గుబులు పుడుతుంది. ఆ క్షణమే ఎడిటర్ సంపాదన.

"ముందే చెప్పవలసింది గదా" అంది మా ఆవిడ. నా కమ్యుటేషన్ డబ్బు ఎవరికి అప్పిచ్చానో ఆ రాత్రే ఆమెకు చెప్పాను.