పోలీసుల్ని తిట్టి, పోలీసైన ర్యాపర్

ఈరోజు జోయీస్టార్ గురించి మాట్లాడుకుందాం. అసలు పేరు దిదియే మోర్విల్. 1967లో పారిస్ పక్కనున్న సేన్‌దెనీలో పుట్టాడు. కూల్ షెన్‌తో కలిసి ఎన్‌టీఎం అనే ర్యాప్ గ్రూప్ పెట్టాడు. పాటల్లో పోలీసుల మీద కోపం మామూలుగా ఉండేది కాదు! 1995లో స్టేజ్ మీదే తిట్టారు. 1996లో కోర్టు ఇద్దరికీ జైలు శిక్ష వేసి, ఆరు నెలలు పాడొద్దంది. తర్వాత అప్పీల్లో శిక్ష తగ్గింది.

కట్ చేస్తే, 2011. మైవెన్ తీసిన 'పోలిస్' సినిమాలో అతనే పోలీస్! పిల్లల్ని కాపాడే టీమ్‌లో ఫ్రెడ్ అనే పాత్ర. సినిమాకి కాన్‌లో జ్యూరీ ప్రైజ్, అతనికి సెజార్ నామినేషన్ వచ్చాయి.

'అమ్ముడుపోయాడు' అనుకునే నేను చూడటం మొదలుపెట్టా. అందులో ఇల్లులేని ఒక తల్లి, కనీసం కొడుక్కైనా నీడ దొరకాలని వాడిని స్టేషన్‌లో వదిలి వెళ్తుంది. పిల్లాడు గుక్కపట్టి ఏడుస్తాడు. ఇద్దరికీ కలిపి చోటు ఇప్పించలేక ఫ్రెడ్ రగిలిపోతాడు. అక్కడ పాజ్ కొట్టేశా. యూనిఫామ్ సంగతి పక్కన పెట్టండి, ఆ కోపం పాటల్లో ఉన్నదే కదా!

అలాగని అతన్ని దేవుణ్ణి చేయను. హింస కేసుల్లో నిజంగానే జైలుకెళ్లాడు. కోపం అన్యాయం మీదికి వెళ్తే కళ, పక్కనున్న మనిషి మీదికి వెళ్తే నేరం. మరి మీ కోపం ఎటు వెళ్తోంది? కామెంట్‌లో చెప్పండి. ఉంటా మరి!