చక్రం మూలిగితే ఆగి వినండి
(వార్షిక సమావేశంలో చేసిన ప్రసంగ పాఠం)



ఇక్కడ మామూలుగా వీసాల గురించి, జీతం బాకీల గురించి మాట్లాడుకుంటాం. నన్ను మాత్రం కారు చక్రం గురించి మాట్లాడమన్నారు. నవ్వకండి. ఇందాక పార్కింగులో చూశాను. పదిహేనేళ్ళు, ఇరవయ్యేళ్ళు దాటిన కరోలాలు, సన్నీలు, ఎకోలు వరసగా ఉన్నాయి. ఇద్దరు ముగ్గురు కలిసి కొనుక్కున్నవి కొన్ని, ఊరికి వెళ్ళిపోతూ ఎవరో చవగ్గా ఇచ్చేసినవి కొన్ని. ఒక్కో కారులోంచి నలుగురైదుగురు దిగారు. ఆ ఐదుగురి వెనక ఐదు ఇళ్ళున్నాయి. అందుకే ఈ మాటలు.

ముందు నా తప్పు చెప్పుకుంటాను. నేను వచ్చిన కొత్తలో గ్యారేజీలో పనిచేస్తూ ఒక పాత కరోలా కొన్నాను. చెల్లెలి పెళ్ళి అప్పు తీరుస్తున్న రోజులు. ముందు చక్రం దగ్గర గూం... అని ఒక మూలుగు మొదలైంది. రోజూ పది కార్లకు ఆ జబ్బు చెప్పేవాణ్ణి, నా కారుకు మాత్రం 'వచ్చే నెల చూద్దాం' అనుకున్నాను. చప్పుడు పెరిగితే పాట వాల్యూం పెంచాను. అట్లా రెండు నెలలు గడిచాయి.

ఒక శుక్రవారం రాత్రి నిజ్వా నుంచి మస్కట్‌కు వస్తున్నాం. కారులో ఇంకో నలుగురున్నారు. ఇజ్కీ దాటాక స్టీరింగ్ వణకడం మొదలైంది, కాలిన వాసన వచ్చింది. మెల్లగా పక్కకు తీసి ఆపాను. ముందు కుడి చక్రం దగ్గర పొగ. తర్వాత జాకీ పెట్టి ఎత్తి చూస్తే, చక్రం ఊగే పన్నులా కదులుతోంది. దేవుడి దయవల్ల ఎవరికీ ఏమీ కాలేదు. కారులో ఒక పెద్దాయన మాత్రం, "నువ్వు మెకానిక్‌వి కదా తమ్ముడూ, నీకు వినపడలేదా?" అన్నాడు. వినపడింది. విననట్టు ఉన్నాను. ఆ రోజు నుంచి నా బండిలో ఆ చప్పుడు వస్తే మరుసటి రోజే చూస్తాను.

బేరింగ్ అంటే ఏమిటి?

ఎడ్లబండి చూసినవాళ్ళకు ఇది చెప్పడం తేలిక. ఇరుసు మీద చక్రం తిరుగుతుంది, రెండూ రాసుకుంటాయి. కందెన వేయకపోతే కీచుమని ఊరంతా వినపడేలా అరుస్తుంది. కారులో ఆ రాపిడి లేకుండా చేసేది బేరింగ్. బయట ఒక ఉక్కు కడియం, లోపల ఒక ఉక్కు కడియం, మధ్యలో గుండ్లు. గుండ్లు ఒకదానికొకటి తగలకుండా ఒక పంజరం లాంటిది పట్టి ఉంచుతుంది. లోపల గ్రీజు, రెండు వైపులా సీలు.

పాత టూవీల్ డ్రైవ్ పికప్పుల ముందు చక్రాల్లో గుండ్ల బదులు ఒక వైపు సన్నగా ఉండే రోలర్లు ఉంటాయి. ఈ రకానికి అమెరికాలో గుర్రపు బళ్ళు చేసే హెన్రీ టిమ్‌కెన్ 1898లో పేటెంటు తీసుకున్నాడు. బండి మలుపు తిరిగినప్పుడు చక్రం మీద పక్కనుంచి కూడా బరువు పడుతుంది, దాన్ని తట్టుకోవాలన్నది ఆయన ఆలోచన. ఈ పక్కబరువు సంగతి గుర్తుంచుకోండి, ఏ చక్రం పాడైందో పట్టుకోవడానికి అదే పనికొస్తుంది.

ఇక్కడ ఎందుకు తొందరగా పోతాయి?

బేరింగుకు పెద్ద శత్రువు నీళ్ళు. చాలాసేపు నడిచిన కారులో చక్రం మధ్యభాగం, అంటే హబ్, బాగా వేడెక్కి ఉంటుంది. ఆ వేడి మీద నీళ్ళలో దింపితే లోపలి గాలి ఒక్కసారి చల్లబడి ముడుచుకుంటుంది, అరిగిన సీలు సందులోంచి నీళ్ళను లోపలికి లాక్కుంటుంది. గ్రీజు పాడవుతుంది, ఉక్కుకు తుప్పు పడుతుంది. పారుతున్న వాదీలో కారు దింపడం ప్రాణానికే ప్రమాదం, ఇక్కడ నేరం కూడా. వాన వెలిశాక రోడ్డు మీద నిలిచిన నీళ్ళలో కూడా మెల్లగా పోవాలి. 2007లో గోనూ తుఫాను, 2021 అక్టోబరులో షాహీన్ తుఫాను వచ్చినప్పుడు కార్లు మునిగాయి. మునిగిన కారు కడిగి, తుడిచి, చేతులు మారి మన దగ్గరకు రావచ్చు. పాత కారు కొనేటప్పుడు సీటు కింద బురద మరక ఉందేమో చూడండి. ఉంటే నాలుగు చక్రాలూ ఎత్తి తిప్పి చూడకుండా డబ్బులివ్వకండి.

రెండోది దెబ్బలు. స్పీడ్ బ్రేకరు మీంచి దూకించడం, ఫుట్‌పాత్ అంచుకు గుద్దడం, సైటుకు పోయే మట్టిరోడ్డు గతుకులు. మూడోది బరువు. ఐదుగురి కారులో ఏడుగురు ఎక్కి, డిక్కీలో సిమెంటు బస్తాలు వేస్తే ఆ భారమంతా బేరింగే మోస్తుంది.

జబ్బు ఎట్లా పట్టాలి?

నలభై యాభై కిలోమీటర్ల వేగం దాటాక గూం అని మొదలై, వేగంతో పాటు పెరిగే చప్పుడు మొదటి గుర్తు. అది ఇంజన్ చప్పుడేమో తేల్చుకోవాలంటే ఖాళీగా, తిన్నగా ఉన్న రోడ్డు మీద ఒక్క క్షణం గేరు న్యూట్రల్‌లో వేయండి. తాళం మాత్రం ఆపకండి. ఇంజన్ నెమ్మదించినా మూలుగు అట్లాగే ఉంటే అది చక్రాల వైపునుంచే వస్తోంది.

టైరు కూడా ఇట్లాగే మూలుగుతుంది. నున్నటి తారు మీదికి రాగానే చప్పుడు మారిపోతే టైరు మీద అనుమానం పెట్టుకోండి. టైరు మీద చెయ్యి పెట్టి నిమిరి చూడండి, మిట్టపల్లాలుగా అరిగి ఉంటే తెలుస్తుంది. ముందు టైర్లు వెనక్కి, వెనకవి ముందుకు మార్చి చూడండి. చప్పుడు కూడా చోటు మారితే తప్పు టైరుదే. స్టీరింగ్ పూర్తిగా తిప్పినప్పుడు టక్ టక్ అంటే అది సాధారణంగా యాక్సిల్ జాయింటు, బేరింగ్ కాదు.

ఇప్పుడు ఏ వైపో చూద్దాం. ఒమాన్‌లో మనం రోడ్డుకు కుడివైపు నడుపుతాం, కాబట్టి రౌండబౌట్‌లో ఎడమకు తిరుగుతూ పోతాం. అప్పుడు కారు బరువు కుడి చక్రాల మీద పడుతుంది. పెద్ద రౌండబౌట్‌లో తిరిగేటప్పుడు మూలుగు పెరిగితే కుడివైపు బేరింగ్ మీద అనుమానం. హైవే ర్యాంపు మీద కుడికి తిరిగేటప్పుడు పెరిగితే ఎడమవైపు. ఇది చాలాసార్లు నిజమవుతుంది గానీ, ఇదొక్కటే నమ్మి డబ్బు పెట్టకండి. చక్రం ఎత్తి చూడాలి.

గట్టి నేల మీద కారు ఆపండి. మిగతా చక్రాలకు ముందూ వెనకా రాళ్ళు పెట్టండి. జాకీతో ఎత్తాక తప్పనిసరిగా స్టాండు పెట్టండి. ఒట్టి జాకీ మీద ఉన్న కారు కిందికి తల పెట్టొద్దు, ఎవరు చెప్పినా వద్దు. తీసిన స్పేర్ చక్రాన్ని కూడా కారు కిందికి తోసి ఉంచితే ఇంకా మంచిది. జూన్, జులై, ఆగస్టు నెలల్లో మధ్యాహ్నం 12:30 నుంచి 3:30 దాకా బయట ఎండలో పని ఆపాలని ప్రభుత్వమే రూలు పెట్టింది. సొంత కారు పనికీ అదే రూలు పాటించండి.

ఒక చేత్తో చక్రం తిప్పుతూ, రెండో చెయ్యి సస్పెన్షన్ స్ప్రింగు మీద ఆనించండి. బేరింగ్ పోయి ఉంటే ఇసుక రుబ్బుతున్నట్టు గరగర చేతికి తెలుస్తుంది. తర్వాత చక్రాన్ని పైన ఒక చెయ్యి, కింద ఒక చెయ్యి వేసి ఊపండి. కదిలితే స్నేహితుణ్ణి బ్రేకు తొక్కమని మళ్ళీ ఊపండి. బ్రేకు తొక్కగానే కదలిక పోతే తప్పు బేరింగ్‌ది. బ్రేకు తొక్కినా కదులుతుంటే బాల్ జాయింటు లాంటి వేరే చోట చూడాలి. పక్కలు పట్టుకుని ఊపినప్పుడు మాత్రమే కదిలితే స్టీరింగ్ రాడ్ చివర అరిగిందేమో చూడండి. ఈ పరీక్షకు పది నిమిషాలు చాలు, ఖర్చు లేదు. ఇది చేయకుండా మంచి బేరింగులు మార్పించుకుని, అదే మూలుగుతో తిరిగి వచ్చినవాళ్ళను చాలామందిని చూశాను. నెల జీతంలోంచి పోయే డబ్బు అది.

మార్చడం ఎట్లా?

చిన్న కార్లలో చాలావాటికి వెనక బేరింగ్ హబ్‌తో కలిసే వస్తుంది. నాలుగు బోల్టులు విప్పి పాతది తీసి కొత్తది బిగించడమే. చెయ్యి తిరిగినవాళ్ళు ఇది సొంతంగా చేసుకోవచ్చు. ముందు చక్రానిది అట్లా కాదు. ప్రెస్ మెషీన్ కావాలి. కాబట్టి సనాయియాకు పోవాల్సిందే. అక్కడ ఏం జరగాలో తెలిస్తే మనల్ని ఎవరూ మోసం చేయలేరు.

కారు నేల మీద ఉండగానే మధ్యలో ఉన్న యాక్సిల్ నట్టు వదులు చేయాలి. చక్రం తీశాక బ్రేక్ క్యాలిపర్ విప్పి తీగతో పైకి కట్టాలి. రబ్బరు గొట్టానికి వేలాడదీస్తే గొట్టం లోపల చిట్లుతుంది. స్ట్రట్‌కు ఉన్న రెండు బోల్టులు తీసేముందు వాటి చోటు గుర్తు గీసుకోవాలి. ఆ తర్వాత హబ్ ఉన్న నకిల్ బయటికి వస్తుంది. హబ్‌ను ప్రెస్‌తో తోసి, లాక్ రింగు తీసి, పాత బేరింగ్ తీయాలి. లోపలి కడియం హబ్‌కే అతుక్కుని వస్తే దాన్ని గీతలు పడకుండా తీయాలి. బేరింగ్ కూర్చునే గుంతను శుభ్రంగా తుడవాలి.

ఇక అసలు సంగతి. కొత్త బేరింగ్‌ను నకిల్‌లోకి నొక్కేటప్పుడు బయటి కడియం మీదే ఒత్తిడి పడాలి. తర్వాత హబ్‌ను దానిలోకి నొక్కేటప్పుడు కింద లోపలి కడియానికి ఆధారం ఉండాలి. ఇది తప్పితే ఒత్తిడంతా గుండ్ల మీద పడి, కంటికి కనపడని గుంటలు పడతాయి. కొత్త బేరింగే కొద్ది వారాల్లో మూలుగుతుంది. సుత్తితో కొట్టినా అంతే. అందుకే గ్యారేజీలో మొదట అడగాల్సిన మాట, "ప్రెస్ మెషీన్ హై క్యా?" సుత్తి చూపిస్తే నమస్కారం పెట్టి వచ్చేయండి. ఏబీఎస్ ఉన్న కొన్ని కార్లలో బేరింగ్‌కు ఒక వైపు అయస్కాంతపు పొర ఉంటుంది. అది సెన్సార్ వైపే ఉండాలి. తిరగేస్తే డ్యాష్‌బోర్డు మీద లైటు వెలుగుతుంది.

యాక్సిల్ నట్టు కొత్తది వేయించండి. టార్క్ రెంచీతోనే బిగించాలి. చిన్న కార్లకు చాలావాటికి అది 200 న్యూటన్ మీటర్ల అటూఇటుగా ఉంటుంది. మీ మోడల్ లెక్క మాన్యువల్‌లో చూడమనండి. తక్కువ బిగిస్తే బేరింగ్ లోపలి భాగాలు సడలి తొందరగా పోతుంది. అన్నీ అయ్యాక అలైన్‌మెంటు చూపించండి. ఒకట్రెండు రోజులు నడిపాక చక్రం నట్లు మళ్ళీ ఒకసారి సరిచూడండి.

పికప్పు రోలర్ బేరింగుల సంగతి వేరు. అవి తీసి, కిరోసిన్‌తో కడిగి, ఆరబెట్టి, రోలర్ల మీద గుంటలు లేకపోతే కొత్త గ్రీజు కూరి మళ్ళీ వాడవచ్చు. చక్రం తిప్పుతూ నట్టు బిగించి, కొంచెం వదిలి, మాన్యువల్ చెప్పినంత మేరకే మళ్ళీ సరిచేయాలి. పిన్ను మాత్రం కొత్తది. సీలు వేసి వచ్చే కారు బేరింగులకు గ్రీజు పెట్టి బాగు చేస్తామని ఎవరైనా అంటే నమ్మకండి. వాటిని మార్చడమే మార్గం.

ఒకటి పోయిందని నాలుగూ మార్చక్కర్లేదు. రెండోవైపుది తిప్పి చూసి, బాగుంటే వదిలేయండి. సామాను విషయంలో మాత్రం పిసినారితనం వద్దు. కోయో, ఎన్‌ఎస్‌కే, ఎన్‌టీఎన్, ఎస్‌కేఎఫ్ లాంటి పేర్లతో నకిలీలు కూడా అమ్ముతారు. పెట్టె మీద అచ్చు మసకగా ఉన్నా, పెట్టె మీది నంబరు బేరింగ్ మీది నంబరుతో కలవకపోయినా తీసుకోకండి. ఎస్‌కేఎఫ్ వాళ్ళకు సరుకు అసలుదో కాదో చూసుకునే యాప్ ఉంది. నంబరు చదవడం కూడా నేర్చుకోండి. డీఏసీ 40740042 అని ఉంటే లోపలి వ్యాసం 40, బయటిది 74, వెడల్పు 42 మిల్లీమీటర్లు. పాత బేరింగ్‌ను మీరే చేతిలోకి అడిగి తీసుకోండి. తిప్పి చూస్తే గరగర తెలుస్తుంది. అదే మీ రసీదు.

పని తెలిసిన తమ్ముళ్ళకు ఒక మాట. సొంత కారు సొంతంగా చూసుకోండి. సెలవురోజు డబ్బులు తీసుకుని పక్కవాళ్ళ కార్లు బాగుచేసే పని పెట్టుకోకండి. పర్మిట్‌లో రాసిన యజమాని దగ్గర తప్ప వేరే పని చేస్తే చట్టం ఒప్పుకోదు. నాలుగు రియాళ్ళ కోసం ఉన్న ఉద్యోగం పోగొట్టుకోవద్దు.

చివరిగా, దారిలో చక్రం వణికి, కాలిన వాసన వస్తే బ్రేకు గట్టిగా తొక్కకండి. మెల్లగా పక్కకు తీసి ఆపండి. హబ్ మీద చెయ్యి పెట్టకండి, కాలుతుంది. నీళ్ళు పోయకండి. అందరినీ రోడ్డుకు దూరంగా నిలబెట్టండి. ప్రమాదం అనిపిస్తే 9999కు ఫోన్ చేయండి. 'ఇంకో ఇరవై కిలోమీటర్లే కదా' అని మళ్ళీ ఎక్కకండి. మస్కట్ నుంచి సలాలా దాదాపు వెయ్యి కిలోమీటర్లు. హైమా దగ్గర ఎడారిలో చక్రం ఊడితే మాట్లాడుకోవడానికి మనిషి కూడా దొరకడు. ఆ ప్రయాణానికి ముందురోజే చక్రాలు ఎత్తి చూడండి.

ఇక్కడ మనందరికీ అలవాటైన మాట ఒకటుంది, మాఫీ ముష్కిల్. అరబ్బు అన్నా అదే, మనమూ అదే. చాలా చోట్ల మంచి మాటే. చక్రం మూలిగినప్పుడు మాత్రం అనకండి. ఇవాళ తిరిగి వెళ్ళేటప్పుడు ఐదు నిమిషాలు పాటలు ఆపి, కిటికీ అద్దం దించి, మీ కారు ఏమంటోందో వినండి. వెనక సీట్లో కూర్చున్నవాళ్ళు మిమ్మల్ని నమ్మి కళ్ళు మూసుకుని నిద్రపోతున్నారు.

అందరూ క్షేమంగా గదులకు చేరండి. సెలవు.