ముసలమ్మ వేషముల మహానటి సిల్వీ
(సంఘ సమావేశమున చేసిన ప్రసంగము)



సినిమాలను గూర్చి మాటలాడునపుడు మనము సాధారణముగా నాయికానాయకులనే తలచుకొందుము. తల్లిగా, అత్తగా, పొరుగింటి అవ్వగా రెండు మూడు దృశ్యములలో కనిపించి పోవువారి పేర్లు మనకు జ్ఞప్తియందుండవు. అట్టి వేషములతోనే తెరజీవితమును గడిపి, ఎనుబదిరెండవ యేట కథానాయికగా కనిపించిన ఫ్రెంచి నటి సిల్వీని గూర్చి నాలుగు మాటలు మనవి చేయుదును.

సిల్వీ 1883లో పారిస్ నగరమున జన్మించెను. అచటి ప్రసిద్ధ నాట్యశిక్షణాలయమైన కన్సర్వేటరీలో చదివి, రంగస్థలమున పేరు గడించెను. ఆమె యౌవనమంతయు నాటకములలోనే గడచినది. సినిమాలలో తరచుగా కనిపించుట 1930 తరువాతి మాట. అప్పటికి ఆమె ఏబదవ యేటికి చేరువైనది. కనుక తెరపై ఆమెకు లభించినవి తల్లులు, అవ్వలు, సన్యాసినులు.

ఫ్రాన్సు జర్మనుల ఆక్రమణలోనున్న 1943లో క్లూజో అను దర్శకుడు 'కాకి' అను అర్థము గల పేరుతో ఒక చిత్రము తీసెను. ఒక చిన్న ఊరిలో ఇంటింటికి ఆకాశరామన్న ఉత్తరములు వచ్చుచుండును. అట్టి ఉత్తరము చదివి ఆసుపత్రిలోని రోగి యొకడు మంగలికత్తితో ప్రాణము తీసికొనును. అతని తల్లి సిల్వీ. ఆమె ఆ కత్తితోనే తుదకు దోషిని శిక్షించి, నల్లని ముసుగు ధరించి వీధి వెంట నడచిపోవును. ఏడ్పు లేదు, ఉపన్యాసము లేదు. ఆ నడకయే చిత్రమునకు ముగింపు.

జోలా నవల ననుసరించి కార్నే 1953లో తీసిన 'తెరేజ్ రకాఁ' చిత్రములో ఆమె అత్తగారు. కోడలి ప్రియుని చేతిలో కుమారుడు మరణింపగా ఆ తల్లికి పక్షవాతము వచ్చును. నోట మాట రాదు, కాలుసేతులు కదలవు. కన్నులు మాత్రమే మిగులును. ఆ కన్నులతోనే ఆమె కోడలిని నిలదీయును. సంభాషణలే ప్రాణమైన నాటకరంగమునుండి వచ్చిన నటి, మాట లేకుండ ఇంత సాధించుట గమనింపదగినది.

1965లో రెనే అల్లియో, జర్మను రచయిత బ్రెహ్ట్ కథ నాధారము చేసికొని, 'పరువు తక్కువ ముసలమ్మ' అనదగిన చిత్రమును తీసెను. మార్సెయ్ నగరమున ఒక వృద్ధురాలికి భర్త గతించును. జీవితమంతయు కూతురుగా, భార్యగా, తల్లిగా ఇతరులకు చాకిరి చేసిన మనిషి. ఇక ఆమె ఏ కుమారుని పంచన చేరునో యని అందరును తలపోయుచుండగా, ఆమె దుకాణములు చూచుచు బజారున తిరుగును. కుటుంబము మెచ్చని యొక యువతితో స్నేహము చేయును. ఇంటి సామాను అమ్మి కారు కొనును. కొలదికాలమునకే కన్నుమూయును.

సిల్వీ దీనిని తిరుగుబాటుగా నటింపలేదు. తనకింత తీరిక యున్నదా యని ఆశ్చర్యపడు పిల్లవలె లోకమును చూచినది. ఎందరో మౌన వృద్ధలకు రూపమిచ్చిన ముఖము గనుకనే ఆ చూపు మనలను కదలించును. అమెరికాలోని జాతీయ చలనచిత్ర విమర్శకుల సంఘము 1966 సంవత్సరపు ఉత్తమ నటిగా ఆమెనే ఎన్నుకొనెను. 1970లో, ఎనుబదియేడేండ్ల వయస్సున, ఆమె పరమపదించెను.

మనలో పెక్కుమంది ఉద్యోగరీత్యా బదిలీలపై ఊరూరు తిరుగువారము. సొంత ఊరు, ఇరుగుపొరుగు, భాష అన్నియు విడిచి తల్లులు మన వెంట క్వార్టర్లకు వచ్చుచున్నారు. మనుమలను చూచుకొనుట, వంటకు సాయము చేయుట వారి పనియని మనము నిశ్చయించితిమి. వారికి ఏ వీధి చూడవలెనని యున్నదో, ఎవరితో మాటలాడవలెనని యున్నదో మనలో నెందరము అడిగితిమి? ఈ చిత్రము దొరికినచో వారిని ప్రక్కన కూర్చుండబెట్టుకొని, కథ తెలుగున చెప్పుచు చూడుడని నా మనవి. వారేమందురో వినుడు.