సొమ్ము ఎవరిది, పెత్తనం ఎవరిది?

స్మారకోపన్యాసం అనగానే కాస్త పొగడ్త, కాస్త జ్ఞాపకం కలిపి వడ్డించడం మనకు అలవాటు. ఈ సభ తలచుకుంటున్నది సహకారోద్యమంలో పనిచేసిన మనిషిని. అలాంటి వారికి దండ వేయడం కంటే లెక్క అప్పజెప్పడం మేలని నా అభిప్రాయం. 2023 ఏప్రిల్‌లో ఐక్యరాజ్యసమితి సర్వసభ్య సభ సామాజిక, సంఘీభావ ఆర్థిక వ్యవస్థను ప్రోత్సహించాలని దేశాలన్నిటినీ కోరుతూ తీర్మానం చేసింది. సహకార సంఘాలు, పరస్పర సహాయ సంఘాలు, స్వయం సహాయక బృందాలు, అంటే పెట్టుబడి కంటే మనిషికి ముందు పీట వేసే సంస్థలన్నీ ఆ గొడుగు కిందికి వస్తాయి. తీర్మానం కొత్తదే గానీ ఆ పని తెలుగునాట నూటిరవై ఏళ్లుగా నడుస్తోంది. కొన్నిచోట్ల నిలిచింది, చాలాచోట్ల చతికిలబడింది. ఎక్కడ ఎందుకు నిలిచిందని వెతుకుతూ పోతే జవాబు ప్రతిసారీ ఒకే దగ్గర దొరుకుతుంది: సంఘంలో తిరిగే సొమ్ము ఎవరిది, అది పోతే ఎవరికి పోతుంది, దాని మీద మాట ఎవరిది? ఈ మూడింటికీ సభ్యులే జవాబైన చోట సంఘం బతికింది. మిగిలిన చోట్ల బోర్డు మాత్రమే మిగిలింది.

కథ మద్రాసు ప్రెసిడెన్సీలో మొదలవుతుంది. రైతును వడ్డీ వ్యాపారి చేతిలోంచి బయటపడేసే దారి చెప్పమని 1892లో మద్రాసు ప్రభుత్వం ఫ్రెడరిక్ నికల్సన్ అనే అధికారిని నియమించింది. 1895లోనూ 1897లోనూ ఆయన ఇచ్చిన నివేదికలు జర్మనీలో రైఫైజన్ నడిపిన గ్రామ పరపతి సంఘాలను ఆదర్శంగా చూపాయి. ఊరివాళ్లే కూడబెట్టుకోవాలి, ఒకరికొకరు పూచీ పడాలి, అప్పు ఎవరికివ్వాలో పక్కింటివాడే తేల్చాలి అన్నది ఆ పద్ధతి. అప్పటికే మన దగ్గర ‘నిధి’ అనే పరస్పర పొదుపు సంఘాలు ఇలాంటి పని చేస్తున్న సంగతి కూడా నికల్సన్ దృష్టిని దాటిపోలేదు. 1904లో చట్టం వచ్చింది. దానితోపాటు రిజిస్ట్రారూ వచ్చాడు. సంఘాన్ని నమోదు చేసేవాడు, తనిఖీ చేసేవాడు, రద్దు చేసేవాడు ఒక్క అధికారే. సభ్యుల పూచీ అనే జర్మన్ విత్తనాన్ని వలస పాలన అనే కుండీలో నాటారు. అయినా తొలిరోజుల్లో కుండీ మరీ ఇరుకు కాలేదు. 1915లో మచిలీపట్నంలో భోగరాజు పట్టాభిసీతారామయ్య గారు కృష్ణా జిల్లా సహకార కేంద్ర బ్యాంకుకు పునాది వేసే నాటికి సంఘం పెట్టడం సర్కారు పనిగా కాక దేశసేవలో భాగంగానే కనిపించేది.

అసలు మలుపు స్వాతంత్ర్యం తర్వాత వచ్చింది. అఖిల భారత గ్రామీణ పరపతి సర్వే 1954లో నివేదిక ఇచ్చింది. 1951-52లో రైతు తెచ్చుకున్న అప్పులో సహకార సంఘాల వాటా 3.1 శాతం. వడ్డీ వ్యాపారుల వాటా 70 శాతానికి కాస్త తక్కువ. యాభై ఏళ్ల శ్రమకు ఇదీ ఫలితం. సంఘం బలహీనంగా ఉంది కాబట్టి ప్రభుత్వమే వాటాదారుగా చేరి దాన్ని నిలబెట్టాలని ఆ సర్వే కమిటీ సూచించింది. ఉద్దేశం మంచిదే. కానీ వాటా వెంట పెత్తనం వచ్చింది, పెత్తనం వెంట రాజకీయం వచ్చింది. 1964 నాటి ఆంధ్రప్రదేశ్ సహకార చట్టం చేతిలో ఉంటే పాలకవర్గాన్ని పక్కన పెట్టడం, ‘పర్సన్ ఇన్‌చార్జి’ని కూర్చోబెట్టడం, ఎన్నికలు వాయిదా వేయడం ఏ ప్రభుత్వానికైనా పెద్ద పని కాలేదు. అప్పుకిచ్చే డబ్బు పైనుంచి వస్తుంది, మాఫీ కూడా పైనుంచే వస్తుంది. అలాంటప్పుడు తీర్చకపోతే పక్కింటివాడి సొమ్ము మునుగుతుందన్న భయం రైతుకు ఎందుకుంటుంది? రైతు బుద్ధి చెడిందని తిట్టిపోసేవాళ్లు ఈ లెక్క చూడరు. ఇటీవలి కాలంలోనూ ఆంధ్రప్రదేశ్‌లో ప్రాథమిక సంఘాలకు 2013 ఎన్నికల తర్వాత పదేళ్లు గడిచినా మళ్లీ ఎన్నికలు జరగలేదు, త్రిసభ్య కమిటీలతో నెట్టుకొచ్చారు. ఎరువుల కాలంలో యూరియా కోసం సొసైటీ ముందు చెప్పులు వరసలో పెట్టి చెట్టు నీడన కూర్చునే రైతులను మీరంతా చూసే ఉంటారు. కాగితం మీద ఆ దుకాణానికి యజమాని ఆ చెప్పుల మనిషే.

ఇదే కాలంలో వేరుగా నడిచిన సంఘం ఒకటుంది. 1956లో నాటి కరీంనగర్ జిల్లా ముల్కనూరులో అలిగిరెడ్డి కాశీవిశ్వనాథరెడ్డి గారు మొదలుపెట్టిన సహకార గ్రామీణ బ్యాంకు, మార్కెటింగ్ సంఘం అది. (స్పెయిన్‌లో బాస్క్ ప్రాంతపు మోండ్రగాన్‌లో ఒక మతాచార్యుడి ప్రోత్సాహంతో తొలి కార్మిక సహకార కర్మాగారం పుట్టింది కూడా 1956లోనే. రెంటికీ ఒకదాని సంగతి ఒకటి తెలియదు.) ముల్కనూరు చేసింది చెప్పడానికి మామూలు విషయమే. పంట అప్పు సంఘం ఇస్తుంది, విత్తనం, ఎరువు సంఘమే అందిస్తుంది, పండిన వడ్లూ పత్తీ సంఘానికే వస్తాయి. వడ్లు మరపట్టి, పత్తి గింజ తీసి అమ్మాక అప్పు మినహాయించుకుని మిగిలింది రైతు చేతిలో పెడతారు. ఏడాది చివర మిగులుంటే సంఘంతో ఎంత వ్యాపారం చేశాడో దాన్నిబట్టి బోనసు. వాటా ఎక్కువున్నవాడికి ఎక్కువ అనే లెక్క అక్కడ లేదు. అప్పు, అమ్మకం ఒకే గొలుసులో ఉండటంతో వసూలుకు జీపు పంపే అవసరం ఉండదు. తూకంలో మోసం జరిగినా, గోదాములో తడిసినా నష్టం తనదేనని మహాజన సభలో కూర్చున్న ప్రతివాడికీ తెలుసు. ఆ తెలివిడే అక్కడి ఆడిట్. సంఘ అధ్యక్ష పదవి తండ్రి తర్వాత కొడుక్కి వచ్చింది కదా అని మీరు అడగవచ్చు. అడగాల్సిందే. అయితే నాయకత్వం ఒక ఇంట్లో ఉన్నా సొమ్ము ఒక ఇంటిది కాకపోవడం వల్లే ఆ నాయకత్వం ఏటేటా లెక్క చెప్పాల్సి వచ్చిందని నేననుకుంటాను.

ముల్కనూరు, వరంగల్ ప్రాంతపు అనుభవమే తర్వాత చట్టంగా మారింది. సహవికాస అని మనం పిలుచుకునే సహకార అభివృద్ధి సంస్థ వరంగల్, కరీంనగర్ పల్లెల్లో మహిళల పొదుపు సంఘాలను కూడగట్టింది. నెలనెలా ఒక్కో సభ్యురాలు కొంత కట్టాలి, అప్పు ఆ పొదుపుకు ఇన్ని రెట్లు అనే హద్దులోనే దొరకాలి, వడ్డీ మళ్లీ సంఘంలోకే రావాలి. కేంద్ర ప్రణాళికా సంఘం వేసిన బ్రహ్మప్రకాశ్ కమిటీ 1991లో నమూనా చట్టం తయారు చేసినా రాష్ట్రాలు దాన్ని బీరువాలో దాచాయి. దాన్ని మొదట బయటికి తీసింది ఆంధ్రప్రదేశే. 1995 నాటి పరస్పర సహాయక సహకార సంఘాల చట్టం కింద ప్రభుత్వ వాటా ధనం తీసుకోరాదు. నిబంధనావళి సభ్యులే రాసుకుంటారు. ఎన్నికలు, మహాజన సభ, ఆడిట్ సకాలంలో జరపని పాలకవర్గం అర్హత కోల్పోతుంది. లోటు వస్తే భర్తీ చేయాల్సిందీ సభ్యులే. ఈ చివరి మాటను జనం పట్టించుకోరు గానీ చట్టానికి ప్రాణం అక్కడే ఉంది. లాభం మనది, నష్టం సర్కారుది అనే సౌకర్యాన్ని అది కత్తిరించింది. తర్వాతి కాలంలో కర్ణాటక, ఒడిశా వంటి రాష్ట్రాలు ఇదే బాట పట్టాయి. ముల్కనూరు మహిళలే సభ్యులుగా, మహిళలే పాలకవర్గంగా ‘స్వకృషి’ పాల డెయిరీ లేచింది ఈ చట్టం నీడలోనే.

ఈ స్వేచ్ఛ సర్కారుకు ఎంతో కాలం రుచించలేదు. 1995 చట్టంలోకి మారిన పాల సంఘాలన్నిటినీ తిరిగి 1964 చట్టం కిందికి తెచ్చినట్టు భావిస్తూ 2006లో సవరణ చేశారు. ప్రభుత్వ ఆస్తులతో పెరిగిన డెయిరీలు ప్రభుత్వ అదుపు తప్పకూడదన్నది వాదన. అందులో కొంత పస ఉంది. భూములు, యంత్రాలు ప్రజాధనంతో వచ్చినవైతే వాటి లెక్క అడిగే హక్కు ప్రజలకుంది. కానీ లెక్క అడగడం వేరు, సభ్యులను అడగకుండా సంఘం స్వభావాన్నే మార్చడం వేరు. హైకోర్టు 2007లో ఆ సవరణను కొట్టేసింది. సభ్యులు తాము ఎంచుకున్న సంఘంలో తమ ఇష్టాన కొనసాగే హక్కును అది హరిస్తోందంటూ 2011 సెప్టెంబరులో సుప్రీంకోర్టు కూడా ఆ తీర్పును నిలబెట్టింది. గెలిచిన డెయిరీలన్నీ సహకారంలోనే ఉన్నాయా అంటే లేవు. పేరున్నవి కొన్ని ప్రొడ్యూసర్ కంపెనీలయ్యాయి. వాటిలో పాలుపోసే రైతు మాటకు నేడు ఎంత విలువుందో ఒక్కో డెయిరీని విడివిడిగా చూసి తేల్చాల్సిందే తప్ప గంపగుత్తగా తీర్పు చెప్పలేం.

2010లో ఎదురైన పరీక్ష ఇంతకంటే కఠినం. సంఘీభావాన్ని బయటి పెట్టుబడి అరువు తెచ్చుకుంటే ఏమవుతుందో అప్పుడు చూశాం. పదిమంది ఆడవాళ్లు ఒకరికొకరు పూచీ పడే పద్ధతి పొదుపు సంఘాలదే, సూక్ష్మరుణ కంపెనీలదీ అదే. తేడా ఒక్కటే: మొదటిదాంట్లో పూచీ కాపాడేది ఆ ఆడవాళ్ల సొమ్మును, రెండోదాంట్లో షేర్ మార్కెట్ మదుపరి సొమ్మును. ఆ ఏడాది ఆగస్టులో ఎస్‌కెఎస్ అనే సూక్ష్మరుణ కంపెనీ షేర్ల విక్రయానికి ఎగబడి దరఖాస్తులు వచ్చాయి. అక్టోబరుకల్లా బలవంతపు వసూళ్లు, ఆత్మహత్యల వార్తల మధ్య రాష్ట్ర ప్రభుత్వం ఆర్డినెన్స్ తేవాల్సి వచ్చింది. పక్కింటామె వచ్చి గడప మీద కూర్చుని వాయిదా కట్టమనడం రెండు పద్ధతుల్లోనూ ఉంది. ఆమె మన డబ్బు కోసం కూర్చుందా, ఎప్పుడూ ఊరు చూడని వాళ్ల డబ్బు కోసం కూర్చుందా అన్నదాన్ని బట్టే ఆ ఒత్తిడి మర్యాద దాటుతుందో లేదో తేలుతుంది.

ఇప్పుడు అభ్యంతరాల సంగతి. మొదటిది చాలా బరువైనది. సొంత సొమ్ము అంటారు, సొమ్మే లేనివాడి మాటేమిటి? ముల్కనూరు వంటివి భూమి ఉన్న రైతుల సంఘాలు. పట్టా లేని కౌలు రైతుకు సొసైటీ అప్పు నేటికీ అందని పండే. నా వాదన ఇక్కడ కొంత వంగక తప్పదు. దానికి జహీరాబాద్ ప్రాంతం దారి చూపింది. అక్కడ దక్కన్ డెవలప్‌మెంట్ సొసైటీ తోడుతో దళిత మహిళల సంఘాలు 1990ల నడుమ ఒక పని చేశాయి. కేంద్ర గ్రామీణాభివృద్ధి శాఖ ఇచ్చిన డబ్బును బీడు పడ్డ భూముల సాగుకు రైతులకు అప్పుగా ఇచ్చారు. తిరిగి చెల్లించాల్సింది రూపాయల్లో కాదు, జొన్నల్లో. ఆ జొన్నలు ఊరి గాదెలోనే నిలవ చేశారు. ఊళ్లో నిరుపేదలెవరో ఊరే కూర్చుని తేల్చి, వానాకాలపు కరవు రోజుల్లో తక్కువ ధరకు వాళ్లకు అందించారు. డబ్బు బయటిదే. కానీ అప్పు తిరిగి చేరింది సర్కారుకు కాదు, ఊరి గాదెకు. కాబట్టి బయటి సొమ్ము వచ్చినంత మాత్రాన సంఘం చెడదు. బయటివాడికే జవాబుదారీ అయినప్పుడు చెడుతుంది.

రెండో అభ్యంతరం మోసాల గురించి. 2001లో హైదరాబాద్‌లో కృషి సహకార బ్యాంకు కుప్పకూలింది. 2022లో కాకినాడలో పరస్పర సహాయక చట్టం కింద నమోదైన సంఘమే డిపాజిటర్లకు చెల్లించలేక చేతులెత్తేసింది. స్వేచ్ఛ ఇస్తే ఇలాగే ఉంటుందని రిజిస్ట్రారు వ్యవస్థను సమర్థించేవారు అంటారు. కానీ చూడండి, డిపాజిట్ వేసినవారిలో ఎంతమంది మహాజన సభకు వెళ్లారు? ఎక్కువ వడ్డీ ఆశ చూపి వేలమంది దగ్గర డబ్బు దండుకునే దుకాణానికి సహకారం పేరు తగిలిస్తే అది సహకారం కాదు. వాళ్లను ఆపాల్సింది పోలీసు, ఆడిటరు. ఆ పేరుతో మిగతా సంఘాల ఎన్నికలు ఆపితే దొంగ పారిపోయాక కాపలావాణ్ణి కట్టేసినట్టవుతుంది. ఇలాంటి సంఘాలు చిన్నగానే మిగిలిపోతాయన్న మూడో మాటకు నేను ఎక్కువ సమయం ఇవ్వను. మోండ్రగాన్ వేలాదిమంది కార్మికుల సమాఖ్యగా ఎదిగింది. 2013లో అందులోని ఫాగోర్ అనే పెద్ద కంపెనీ దివాలా తీసినా, పని పోయినవారిలో చాలామందికి తోటి సంఘాలు చోటిచ్చాయి.

ఇక మన ముందున్న సంగతి. 2020లో కేంద్రం పదివేల రైతు ఉత్పత్తిదారుల సంస్థలు పెట్టించే పథకం తెచ్చింది. ఒక్కో సంస్థకు మూడేళ్ల నిర్వహణ ఖర్చుకు 18 లక్షల రూపాయల దాకా ఇస్తారు. సభ్యుడు పెట్టిన వాటాకు సమానంగా, మనిషికి 2,000 మించకుండా, సంస్థకు 15 లక్షలు దాటకుండా వాటా ధనం కలుపుతారు. 1954 నాటి కమిటీ సలహా కంటే ఇది తెలివైన ఏర్పాటు. వాటా సర్కారు పేర కాక రైతు పేరనే జమవుతుంది, రైతు పెట్టకపోతే సర్కారూ పెట్టదు. మూడేళ్లు నిండిన సంస్థల మహాజన సభల్లో ఇప్పుడు అడగాల్సిన ప్రశ్నలు రెండున్నాయి. గ్రాంటు ఆగాక ముఖ్య కార్యనిర్వాహకుడి జీతం ఏ వ్యాపారపు మిగులులోంచి ఇస్తున్నారు? నిరుడు లోటు వచ్చి ఉంటే దాన్ని సభ్యుల ఖాతాల్లో ఎలా పంచి రాశారు?