నారదుని గానవిద్య
(గ్రంథాలయ రజతోత్సవ సభలో చేసిన ప్రసంగ పాఠము)



నేను పండితుడను కాను. గ్రామ లెక్కలు వ్రాసికొని జీవించువాడను. రాత్రులందు నిఘంటువు ప్రక్కన నుంచుకొని, ఈ గ్రంథాలయపు పుస్తకములే గురువులుగా నాలుగు ముక్కలు నేర్చితిని. ఈ 25 ఏండ్ల పండుగనాడు నన్నును మాటలాడుమన్న కార్యవర్గమువారికి కృతజ్ఞుడను. పాటయే పూజయైన ఒక లోకమును గూర్చి పురాణములు చెప్పిన కథను మీకు మనవి చేసెదను.

అద్భుత రామాయణమని 27 సర్గల సంస్కృత గ్రంథ మొకటి కలదు. వాల్మీకి రచనయని చెప్పుదురు. ఈ కథ అందును, లింగపురాణమునందును ఉన్నది. వైకుంఠమున గానసభ జరిగెను. శ్రీహరి తుంబురుని లోనికి పిలిపించి, పాట విని, సత్కరించెను. నారదుడు వెలుపలనే నిలిచిపోయెను. ఆ అవమానము అతని గుండెలో ముల్లై నాటుకొన్నది. తుంబురుని మించవలెనని ఘోరతప మొనర్చెను. అప్పుడు ఆకాశవాణి, మానసోత్తర పర్వతముపైనున్న గానబంధువు కడకు పొమ్మనెను.

ఆ గానబంధువు ఎవరనుకొన్నారు? గుడ్లగూబ! ఇంటిపై వ్రాలినచో మనము శాంతి చేయించు పక్షి. పూర్వజన్మమున అతడు భువనేశుడను రాజు. తన రాజ్యమున హరిని గూర్చి ఎవరును పాడరాదనియు, పాడినచో తన్ను గూర్చియే పాడవలెననియు శాసించెను. హరిమిత్రుడను భక్తుడు పాడగా వాని ధనము లాగికొని వెడలగొట్టెను. ఆ పాపమున గుడ్లగూబయై ఆకలితో మాడుచుండ, ఆ హరిమిత్రుడే కరుణించి, గానాచార్యుడవు కమ్మని వరమిచ్చెను. పాటను మూసినవాడే పాట నేర్పువాడయ్యెను. అతడు నారదునకు తొలుత చెప్పిన పాఠము, నేర్చువాడు సిగ్గు విడువవలెనని.

నారదుడు వేయేండ్లు నేర్చెను. నేర్చి, తుంబురుని గెలువ నతని యింటికి బయలుదేరెను. అచ్చట వాకిట కాలు విరిగినవారు, చేయి తెగినవారు, ముక్కు చెవులు పోయినవారు, స్త్రీలును పురుషులును మూలుగుచుండిరి. మీరెవరని అడుగగా, తాము రాగములమనియు, నారదుడు పాడి తమ్మీ గతికి తెచ్చెననియు, తుంబురుడు పాడినగాని తమ గాయములు మానవనియు చెప్పిరి. అడుగుచున్నవాడే నారదుడని వారెరుగరు! వేయేండ్ల విద్య యున్నను, లోని అసూయ మాత్రము పోలేదు.

అటుపై ద్వారకలో జాంబవతి, సత్యభామ, రుక్మిణి నేర్పిరి. కడపట శ్రీకృష్ణుడే నేర్పెను. అప్పుడుగాని అసూయ తొలగలేదు. 16వ శతాబ్దమున పింగళి సూరన ఈ బీజమునే గైకొని, తన సొంత కల్పనతో ఎనిమిది ఆశ్వాసముల కళాపూర్ణోదయమును నిర్మించెను. అందు ద్వారకలోని కలభాషిణియను వేశ్యాకన్యయు కృష్ణుని అంతఃపురమున వీణ నేర్చును. దేవర్షికి తెరచిన తలుపు ఆమెకును తెరచుకొన్నది. 1914లో కట్టమంచి రామలింగారెడ్డిగారు కవిత్వతత్త్వ విచారమున ఈ కావ్యమును విమర్శించిన పిదప, దానిని చదువు తీరే మారినది. రెండు పుస్తకములును మన బీరువాలో నున్నవి. తీసికొని చదువుడు.

ఈ కథ చెప్పుటకు నాకు వేరొక కారణము కలదు.

పదునెనిమిదేండ్ల క్రిందట మన పఠన సభలో ఒక యువకుడు పోతనగారి గజేంద్రమోక్షము చదువుచు, ఒకచోట పదమును తప్పు విరిచెను. నేను నవ్వితిని. అంతతో ఊరకొనక అతని చదువును గూర్చి పరిహాసమాడితిని. సభయంతయు నవ్వినది. అతడు పుస్తకము మూసి, పీటపై నుంచి, వెడలిపోయెను. మరల లోనికి రాలేదు. చందా పుస్తకములో అతని పేరెదుట గడులు నాటినుండి ఖాళీగా నున్నవి. లెక్కలో పైసా తేడా వచ్చినచో తెల్లవార్లు వెదకు నేను, ఆ లోటును ఇన్నేండ్లు చూచియు చూడనట్లుంటిని. ఇప్పుడు ఆయన కుమార్తె ఇచ్చట పుస్తకములు తీసికొనుచున్నది. ఆమెకొరకు వచ్చి ఆయన సైకిలుతో మెట్టు కడనే నిలుచును.

ఆ పద్యమును నే నెన్నడును తప్పు చదువలేదు. కాని ఆనాడు విరిగినది పద్యము కాదు, మనిషి. విరిచినది అతని తప్పు కాదు, నా పాండిత్యము. తుంబురుని వాకిట నారదుడు చూచినదానిని నేను మన మెట్టు కడ చూచుచున్నాను.

సోదరా, మీ పేరు చెప్పను. మీరీ సభలో నున్నచో నన్ను క్షమింపుడు. వచ్చు ఏకాదశి పఠనమున గజేంద్రమోక్షము మీరే చదువవలెను. నేను క్రింద కూర్చుండి విందును. చదువు రాదని, తప్పు పోవునని, నలుగురు నవ్వుదురని వీధి అరుగుపైననే ఆగిపోవు తల్లులకును, తమ్ములకును ఇదే నా మనవి. మీరు సిగ్గు విడిచి రండు. మేము గర్వము విడిచి కూర్చుందుము. రాబోవు 25 ఏండ్లకు ఈ గ్రంథాలయమునకు ఇంతకు మించిన ఆస్తి అక్కరలేదు.