వెలసిన చీర



నాగార్జునసాగరు ఎడమకాలువ నీటితో పచ్చబడిన ఈ నిడమనూరు సీమలో, ఒక్కొక్క శాస్త్రమునందు పట్టము గొని లేచుచున్న మీ యెదుట, ఏ యొక్క కళకును కట్టుబడక నడచిన కళాకారుని గూర్చి పలుకుట అనుచితము కాదని తలంచుచున్నాను. ఆయన బి. నర్సింగరావు గారు. 1946లో గజ్వేలు చేరువనున్న ప్రజ్ఞాపూరున జన్మించి, హైదరాబాదున చిత్రలేఖనము నభ్యసించి, ఆర్ట్ లవర్స్ అను బృందమును కూర్చి, అది 1972లో జననాట్యమండలిగా రూపొందుటకు కారకులై, కవిత్వమును ఛాయాచిత్రమును విడువక, 1980లో విడుదలయైన ‘మా భూమి’కి నిర్మాతయై, తుదకు 1983 నాటి ‘రంగుల కల’కు తామే దర్శకులై, అందలి చిత్రకారుని పాత్రమును సైతము తామే ధరించిరి.

ఇన్ని పనులు చేయువానిని లోకము కొంత మెచ్చును, కొంత శంకించును. ‘ఇంతకును ఆయన బొమ్మలు వేయువాడా, సినిమావాడా?’ అని యడుగువారు మన యూళ్ళలో కొల్లలు; దరఖాస్తు కాగితమున వృత్తి యనుచోట ఒక్క గీతయే కదా యుండును! ఆయన దర్శకత్వమున వచ్చిన ‘దాసి’ చూచిన పిమ్మట ఆ ప్రశ్న నా మనస్సున నిలువలేదు.

1988 నాటి ఆ చిత్రము, దొర కామమునకును దొరసాని యాజ్ఞకును నడుమ నలిగి, కడుపులోని బిడ్డపైనను హక్కు లేక, తెలంగాణ గడిలో బ్రతికిన కమలాక్షి యను దాసి కథ. ఆ గడుల నీడ యెట్టిదో నల్లగొండ బిడ్డలకు నేను చెప్పబనిలేదు. ఇందు మాటలు తక్కువ. దీనికి లభించిన జాతీయ పురస్కారములు ఐదు. అందు ఉత్తమ తెలుగు చిత్రమునకును, నటి అర్చనకును వచ్చినవి పోగా, మిగిలిన మూడును కంటికి సంబంధించినవే: ఛాయాగ్రహణమునకు ఎ.కె. బీర్, కళాదర్శకత్వమునకు తోట వైకుంఠం, వేషధారణకు మన మిర్యాలగూడ సుదర్శన్ గారు. వైకుంఠం గారు పటముపై తెలంగాణ స్త్రీని నిలిపిన చిత్రకారులు. సుదర్శన్ గారు బడిపిల్లలకు చిత్రలేఖనము నేర్పిన పంతులుగారు, ఆ పురస్కారముతో ‘దాసి సుదర్శన్’ యని పేరొందినవారు.

పట్టుచీరలతో వేషము కట్టుట సులువు. ఏండ్ల తరబడి ఒకే యొంటిపై నుండి, చెరువురాతిపై ఉతుకులు తిని, కొంగు ఒక యెడను కుచ్చిళ్ళు మఱియొక యెడను వేఱువేఱుగా వెలసిన నూలుచీరను తెరపై నమ్మించుట కష్టము. ఎండ రంగును ఎట్లు తినివేయునో కుంచె పట్టినవానికే తెలియును. ‘మా ఊరు’ అను డాక్యుమెంటరీకై పల్లె బ్రతుకును ఓర్పుతో పరికించిన దర్శకుని చూపే, పిమ్మట గడి లోపలికి ప్రవేశించినదని నా యభిప్రాయము. నటుడు, చిత్రకారుడు, కెమెరా పట్టినవాడు అని మనము మూడు పేర్లు పెట్టినను, చూచునది ఆ యొక్క కన్నే.

మీలో కొందఱు రేపు హైదరాబాదునకును, కొందఱు సముద్రములు దాటియు పోవుదురు. ఆ ప్రయాణములకు నా యాశీస్సులు. ఈ సాయంకాలము మాత్రము, పట్టాను బీరువాలో పెట్టుటకు ముందు, నాయనమ్మ చేత సందుగ తెరిపించి, అడుగున మడిచియున్న చీరను వెలుతురునకు పట్టి చూడుడు. అంచు ఎచ్చట చిరిగినదో, ఆ చిరుగును ఏ రంగు దారముతో, ఏ యేట కుట్టుకొన్నదో ఆమెనే యడుగుడు.