మన తునికి కాగితం మీద అబ్నూస్ ఎట్లయింది?

ఎల్లారెడ్డిలో, కామారెడ్డిలో యువతతో మాట్లాడిన మాటల పాఠం ఇది. రానోళ్ల కోసం రాసి పెడుతున్న.

 

ఇయ్యాల ఒక చెట్టు పేరు గురించి మాట్లాడుదాం. పోడు పట్టాల సంగతి నడుస్తుంటే చెట్టు పేరు ముచ్చట ఎందుకని మీలో కొందరు అనుకుంటరు. నేను పట్టాల కాడికే వస్త, కాకపోతే చెట్టు కాడికెల్లి నడిచి వస్త.

తునికి చెట్టు. గాంధారి, లింగంపేట, మాచారెడ్డి దిక్కు పుట్టినోళ్లకు దీన్ని చూపించాల్సిన పని లేదు. ఎండకాలంల పచ్చగా పండుతది, లోపల గుజ్జు తియ్యగ ఉంటది, గింజలు నున్నగ ఉంటయి. ఇంట్ల తునికి అంటం, కొందరు తుమికి అంటరు, పాత పుస్తకాలల్ల తుమిద అని కూడా ఉంటది. గోండిలో తుమ్రి. కొలామీలో తుమ్కి. ఒక్కసారి ఈ మాటలను పక్కపక్కన పెట్టి పలికి చూడండి. ఎవరో ఒకరి దగ్గర ఇంకొకరు అరువు తెచ్చుకున్న మాటల్లెక్క లేవు, అక్కచెల్లెండ్ల మొఖాల్లెక్క ఉన్నయి. ఈ భాషలన్నీ ఒకింట్ల ఉన్నప్పటి నుంచే ఈ చెట్టుకు పేరుందన్నమాట. కాకతీయులు రాకముందు, కుతుబ్‌షాహీలు రాకముందు, జంగ్లాత్ ఆఫీసు అనేది ఒకటి వస్తదని ఎవరికీ తెలువక ముందు.

ఊర్లకు కూడా ఈ పేరే పెట్టుకున్నరు. మన పక్కన మెదక్ జిల్లాల, కౌడిపల్లి మండలంల తునికి అనే ఊరే ఉన్నది. సిద్దిపేట జిల్లాల తునికి బొల్లారం. మన రామారెడ్డి మండలంల మద్దికుంట ఉన్నది, అది మద్ది చెట్టు పేరు. ఊరు పేరు పెట్టేటోడు ఆ చెట్టును రోజూ చూసినోడే అయి ఉంటడు.

ఇప్పుడు ఇదే చెట్టు ఇంటి నుంచి బయటికి పోతే ఏమేం పేర్లు మోస్తదో చూద్దాం.

కామారెడ్డి బస్తీలల్ల, చుట్టుపక్కల ఊర్లల్ల అమ్మలు, అక్కలు చాట ఒళ్లె పెట్టుకొని బీడీలు చేస్తరు. వెయ్యి బీడీల లెక్కన కూలి. వాళ్ల చాటల తునికి ఆకు ఉంటది, కానీ ఎవరూ తునికి అనరు. "ఆకు" అంటరు, లేకుంటే "బీడీ ఆకు". చెట్టు పేరు పోయి సరుకు పేరు మిగిలింది. ఢిల్లీ చట్టంలకు పోతే అది తెందు, కెందు అయింది. ఒకటి హిందీ, ఒకటి ఒడియా. 2006 అటవీ హక్కుల చట్టంల చిన్నతరహా అటవీ ఫలసాయం అంటే ఏందో చెప్పే సెక్షన్‌ల ఈ రెండు పేర్లే ఉంటయి. శాస్త్రం పుస్తకంల డయోస్పైరోస్ మెలనోగ్జైలాన్. ఈ పేరు పెట్టినాయన విలియం రాక్స్‌బర్గ్, మన సామర్లకోట దిక్కు తోట పెట్టి, కోరమాండల్ తీరం మొక్కల మీద 1795ల పుస్తకం అచ్చేసిండు. మెలనోగ్జైలాన్ అంటే గ్రీకుల నల్ల కట్టె. పండు కాదు, ఆకు కాదు, లోపలి నల్ల చేవ కనపడ్డదాయనకు. ఎవరికి ఏది కావాలో అదే పేరయితది.

ఇగ రాష్ట్ర కాగితాలకు వద్దాం. ఉమ్మడి ఆంధ్రప్రదేశ్‌ల 1971ల చిన్నతరహా అటవీ ఉత్పత్తుల వ్యాపారాన్ని సర్కారు చేతుల పెట్టుకునే చట్టం తెచ్చిండ్రు. దాని కింద ఈ ఆకుకు రాసిన నియమాల్ల దీని పేరు తునికి ఆకు కాదు, బీడీ ఆకు కూడా కాదు. అబ్నూస్ ఆకు.

అబ్నూస్ అంటే ఏంది? మన దిక్కు ఉర్దూ వచ్చిన పెద్దోళ్లు నల్ల కట్టె అని చెప్తరు. నిజాం జమానాల దఫ్తర్ల భాష అది, అందుకే ఉండిపోయింది. ఉర్దూలకు ఫార్సీ నుంచి వచ్చింది, అరబ్బీల కూడా ఉన్నది. వాళ్లకు గ్రీకు ఎబెనోస్ నుంచి వచ్చింది. ఇంగ్లీషు ఎబొనీ కూడా ఆ కొమ్మదే. గ్రీకులకు ఎక్కడిది? ఈజిప్టు నుంచి. పాత ఈజిప్టు రాతల్ల హెబ్ని అని ఒక కట్టె పేరున్నది. నైలు నది ఎగువ నుంచి, నూబియా దిక్కు నుంచి, పుంట్ అనే దేశం నుంచి రాజులకు కప్పంగ వచ్చిన నల్ల కట్టె. 1922ల బయటపడ్డ టుటన్‌ఖామున్ సమాధిల ఆ కట్టెతోని చేసిన కుర్చీలు, మంచాలు దొరికినయి.

ఇక్కడ ఒక మాట గట్టిగ పట్టుకోండి. ఆ హెబ్ని మన తునికి కాదు. అది ఆఫ్రికాల పెరిగే వేరే చెట్టు, మన జిట్రేగికి దగ్గరి చుట్టం, డాల్బెర్జియా కులం. అంటే ఆఫ్రికా అడవిల ఒక చెట్టుకున్న పేరు రాజుల గోదాముకు పోయి, అక్కడి నుంచి నాలుగైదు భాషలు మారి, సముద్రాలు దాటి, చివరికి ఎల్లారెడ్డి అడవిల వేరే చెట్టు ఆకు మీద కూసున్నది. ఆ పేరు మొదట పెట్టినోళ్లు ఎవరో దానితోని రాలేదు. ఆ చెట్టును వాళ్లు ఎట్ల చూసుకునేటోళ్లో ఆ ముచ్చట కూడా రాలేదు. కట్టె నల్లగుంటది, ధర పలుకుతది అనే ముచ్చట ఒక్కటే వచ్చింది. అదీ మన చెట్టుకు పనికి రాలేదు, ఎందుకంటే సర్కారుకు కావాల్సింది ఆకు.

అరువు మాటలు తప్పని నేను చెప్తలేను. కుమ్రం భీం పేరు మీద మనం ఇచ్చే నినాదం జల్, జంగల్, జమీన్. అందుల ఒక్కటన్న గోండి మాట ఉన్నదా? అయినా అది మనదే, ఎందుకంటే మనోళ్లు పోరాటంల కావాలని పట్టుకున్న మాట. మన నోట్లెకు మనం తెచ్చుకున్న మాట వేరు, మన చెట్టు మీద ఇంకొకరు అతికించిన మాట వేరు.

దీనికి ఎదురు కథ ఒకటి ఆఫ్రికా నుంచే చెప్త. ఉగాండాల బగాండా అనే ప్రజలున్నరు, వాళ్ల భాష లుగాండా. ఆ భాషల చాలా చెట్ల పేర్లు 'ము' తోని మొదలైతయి, అది వాళ్ల వ్యాకరణం. మనిషిని కూడా ముంటు అంటరు. బహువచనంల మనుషులు ఒక దిక్కు, చెట్లు ఒక దిక్కు విడిపోతయి గానీ ఒక్కటొక్కటిగ ఉన్నప్పుడు మనిషికీ చెట్టుకూ ముందు ఒకటే 'ము'. నాకీ సంగతి మస్తు నచ్చింది.

వాళ్లకు ముటుబా అని ఒక చెట్టున్నది, మన మర్రి, జువ్వి కులం. దాని బెరడు వొలిచి, కట్టె సుత్తులతోని సాగగొట్టి బట్ట చేస్తరు. మట్టి రంగుల ఉంటది. రాజు పట్టాభిషేకానికి, చావుకు, కుల పెద్దల కూటానికి ఆ బట్టనే. బెరడు తీసినంక చెట్టుకు అరటి ఆకులు చుడుతరు, మనం దెబ్బకు కట్టు కట్టినట్లు. బెరడు మళ్ల వస్తది, చెట్టు చావదు. 19వ శతాబ్దంల అరబ్బు వ్యాపారులు నూలు బట్ట తెచ్చినంక ఈ పని పలచబడ్డది గానీ పోలేదు.

ముటుబా అంటే చెట్టొక్కటే కాదు. వాళ్ల వంశాలల్ల పెద్ద వంశం కింద శాఖలుంటయి. ఒక మెట్టు పేరు స్సిగా, అంటే పొయ్యి రాయి. దాని కింది మెట్టు పేరు ముటుబా. "నీది ఏ ముటుబా" అంటే ఏ కొమ్మ మనిషివి అని అడిగినట్లు. ఇంకో దిక్కు బుగాండా రాజ్యం పాలనల, మన మండలం అసొంటి స్థాయిల పెద్దలకు ఇచ్చే బిరుదులల్ల కూడా ముటుబా ఒకటి. ముటుబా ఒకటి, ముటుబా రెండు అని నంబర్లు పెడుతరు. ఒక్క పేరుల బట్ట, బంధుత్వం, అధికారం మూడూ ఇమిడి ఉన్నయి.

ఆ బెరడు బట్ట పనిని యునెస్కో 2005ల గుర్తించింది, 2008ల మానవాళి అమూర్త సాంస్కృతిక వారసత్వ జాబితాలకు ఎక్కింది. ఆ రాతలల్ల చెట్టు పేరు ముటుబా అనే ఉన్నది. ఇంగ్లీషోడు, ఫ్రెంచోడు ఆ మాటను లుగాండా నుంచి అరువు తీసుకున్నడు. లాటిన్ పేరు పక్కన ఉన్నా మొదటి పేరు వాళ్లదే. ఆ మాట చదివినోడు "ముటుబా అంటే ఏంది" అని అడగాల్సిందే, అడిగితే బగాండా మనిషే చెప్పాలె. అబ్నూస్ అంటే ఏందని మన దగ్గరికి వచ్చి అడిగినోడు ఒక్కడన్న ఉన్నడా?

ఇగ మన అడవిలకు మళ్ల రాండి. పేరు మారితే చెట్టుకేమైతదని అనుకోవద్దు, చెట్టే మారుతది.

బీడీకి కావాల్సింది లేత ఆకు, వెడల్పుగ, మచ్చ లేకుండ, ఈనెలు సన్నగ ఉన్నది. అది పెద్ద చెట్టు మీద రాదు. అందుకే చలికాలం పోంగనే తునికి పొదలను కింది దాకా కొడుతరు. నెలన్నరకు కొత్త చిగుర్లు వస్తయి. ఎండలల్ల, వాన రాళ్లు పడకముందే కోయాలె. 50 ఆకులకు ఒక కట్ట, 1000 కట్టలకు ఒక స్టాండర్డ్ బ్యాగు, అంటే 50,000 ఆకులు. కల్లంల ఎండబెట్టి, లెక్కబెట్టి, కాంట్రాక్టరుకు ఇస్తరు. ఈ పైసలతోని ఎన్ని ఇండ్లల్ల వానకాలం విత్తనాలొచ్చినయో నాకు తెలుసు, దాన్ని తక్కువ చేసి మాట్లాడ. కానీ ఏటేటా కొట్టిన పొద పూత పూయదు, కాయ కాయదు. బీడీ ఆకు అనే పేరు గెలిచిన జాగల తునికి పండు అనే పేరు ఓడిపోతది. పండు లేకపోతే పిల్లలకు ఎండకాలంల నోట్లె వేసుకునేది పోతది, ఎలుగుబంటికి తిండి పోతది. ఎలుగుబంటి అడవిల తిండి లేక చేన్లకు వచ్చిందని మళ్ల మనమే మొత్తుకుంటం.

మన పెద్దోళ్లు పండు చెట్లను విడిచి, ఆకు పొదలను కొట్టేటోళ్లు. ఏది విడవాలో ఏది కొట్టాలో వాళ్లకు తెలుసు. ఆ తెలివి "తునికి" అనే మాటల ఉన్నది, "బీడీ ఆకు" అనే మాటల లేదు, "అబ్నూస్" అనే మాటల అసలే లేదు.

ఇప్పుడు పట్టాల సంగతి. కామారెడ్డి జిల్లా ఐదో షెడ్యూలు ప్రాంతం కాదు. పెసా చట్టం మనకు రాదు. దీన్ని చూపించి కొందరు "మీకు అడవి మీద హక్కేంది" అంటరు. అది అబద్ధం. అటవీ హక్కుల చట్టం షెడ్యూలు ప్రాంతం బయట కూడా వర్తిస్తది. సెక్షన్ 3(1)(సి) సాంప్రదాయంగ ఏరుకుంటున్న చిన్నతరహా ఫలసాయం మీద యాజమాన్యమే ఇస్తది, ఏరుకునే హక్కు, వాడుకునే హక్కు, అమ్ముకునే హక్కు. 2012ల నియమాలు మార్చినప్పుడు అమ్ముకునుడు అంటే నిల్వ చేసుకునుడు, సరుకు తయారు చేసుకునుడు, మోసుకపోవుడు కూడా అని రాసిండ్రు.

మనం ఇండ్ల కోసం, పోడు కోసం ఫారం-ఎ నింపుతున్నం, దాని కోసం ఆఫీసుల చుట్టూ తిరుగుతున్నం. మంచిదే. కానీ ఊరందరికి కలిపి వేసే ఫారం-బి ఎన్ని తండాలల్ల, ఎన్ని గూడేలల్ల నింపినం? చేతులెత్తమంటే ఇక్కడ కూడా తక్కువే లేస్తయి. నింపిన చోట కూడా ఫలసాయం అనే కాడ "బీడీ ఆకు వగైరా" అని ఒక్క ముక్క రాసి సంతకం పెడుతరు. ఆ వగైరాల మన అమ్మమ్మల బతుకంత పోయింది.

అదే ఫారంల జీవవైవిధ్యం, సాంప్రదాయ జ్ఞానం మీద హక్కు అడిగే వరుస కూడా ఉన్నది. దాన్ని ఖాళీగ విడుస్తరు, అర్థం కాలేదని. ఏ చెట్టును ఎప్పుడు కొట్టాలె, దేన్ని విడవాలె అని ఇందాక చెప్పిన తెలివి ఉన్నది చూడండి, దాన్నే అడుగుతున్నది ఆ వరుస. రుజువులు ఏందో 13వ నియమం చెప్తది. ఎక్కడ గడ్డలు తవ్వేది, ఎక్కడ అడవి పండ్లు ఏరేది, ఏది దేవుని చెట్టు, అవన్ని రుజువులే. దరఖాస్తు పెట్టుకున్నోళ్లు కాకుండ వేరే పెద్దోళ్లు చెప్పిన మాటను రాసి పెడితే అది కూడా రుజువే. చట్టంల ఇంత బాహాటంగ ఉన్న దాన్ని మనం వాడుతలేం.

కాబట్టి ఈ ఎండకాలం ఆకు మీదికి పోయినప్పుడు ఒక నోటుబుక్కు పట్టుకపోండి. మీ నాయనమ్మనో, మీ బాపునో వెంట తీసుకపోండి. ఏ గుట్ట కింద పండు తునికి ఉన్నది, ఏ వాగు పొంటి ఆకు తునికి ఉన్నది, ఎవరి కాలం నుంచి ఏరుతున్నరు, ఆ జాగను ఇంట్ల ఏమంటరు, అన్ని వాళ్లు పలికినట్లే రాయండి. లంబాడీల అయితే లంబాడీ పేరే, గోండిల అయితే గోండి పేరే, తెలుగు లిపిల రాస్తే చాలు. ఆఫీసుల అడిగితే పక్కన తెందు అని, అబ్నూస్ అని కూడా రాయండి, వాళ్లకు తెలవాలె కదా. కానీ మన పేరు ముందుండాలె. గ్రామసభల అది చదివి వినిపించండి, అటవీ హక్కుల కమిటీతోని తీర్మానం పుస్తకంల ఎక్కించండి, నకలు మీ దగ్గర ఒకటి పెట్టుకోండి. కమిటీల ఆడోళ్లు మూడో వంతు ఉండాలని నియమం. చెట్ల పేర్ల కాడ మాత్రం వాళ్లనే ముందు మాట్లాడనియ్యండి, ఆకుకు, పండుకు ఎక్కువ పోయేది వాళ్లే.

వచ్చే కూటానికి ఒక్కో తండా, ఒక్కో గూడెం నుంచి ఒక్కో నోటుబుక్కు తీసుకరాండి. మొదటి పేజీల తునికి, తర్వాత ఇప్ప, మొర్రి, మోదుగ, నల్లమద్ది. అన్నిటిని కలిపి కూసొని చదువుదాం, ఫారం-బి అప్పుడు నింపుదాం.